నాథన్ లయన్ బంతి ఎందుకు ఎగిరింది?

ముత్తయ్య మురళీధరన్ టెస్టుల్లో 800 వికెట్లు తీశాడు. వాటిలో ఆస్ట్రేలియా గడ్డపై దక్కినవి 12. అక్కడ ఆడిన 5 టెస్టుల్లో ఒక్కో వికెట్‌కూ 75 పరుగులకు పైగా సమర్పించుకున్నాడు. ఇంగ్లండ్ స్పిన్నర్ గ్రేమ్ స్వాన్ ఆస్ట్రేలియాతో ఆడే 2013-14 యాషెస్ సిరీస్‌కు వెళ్లి, మూడు టెస్టుల్లో 80 సగటుతో 7 వికెట్లు తీసి, సిరీస్ పూర్తికాకుండానే రిటైర్మెంట్ ప్రకటించాడు. ఇద్దరూ ఆఫ్ స్పిన్నర్లే, అంటే బంతిని కుడిచేతి బ్యాటర్ లోపలికి తిప్పేవాళ్లే. వీళ్లకు లొంగని ఆ పిచ్‌ల మీదే సగం క్రికెట్ ఆడుతూ ఆస్ట్రేలియా ఆఫ్ స్పిన్నర్ నాథన్ లయన్ 567 టెస్టు వికెట్లకు చేరాడు. మురళి చేతిలోని మాయలో పావు వంతు కూడా అతని దగ్గర లేదు. ఆఫ్ బ్రేక్‌లాగే కనిపిస్తూ ఎదురుదిక్కుకు తిరిగే దూస్రా లేదు. వేలితో చిటికేసినట్టు వదిలే క్యారమ్ బంతితో బెదిరించినవాడూ కాదు. ఓవర్‌కు ఆరు బంతులూ ఇంచుమించు ఒకే ఆఫ్ బ్రేక్. మరి ఎలా?

ఈ ప్రశ్నకు మామూలుగా వినిపించే జవాబు ఓర్పు, పట్టుదల. అవి లేనిదే ఎవరూ 141 టెస్టులు ఆడరు, నిజమే. కానీ ఓర్పున్న ఆఫ్ స్పిన్నర్లు ఆస్ట్రేలియాలో అంతకుముందూ ఉన్నారు. 1904లో ఆట ముగించిన హ్యూ ట్రంబుల్ 141 వికెట్లు తీస్తే, ఆ దేశపు ఆఫ్ స్పిన్నర్లలో ఆ లెక్కను దాటినవాడు 2015 దాకా రాలేదు. 1970ల్లో ఆష్లే మాలెట్ 132 దగ్గర, ఆ తర్వాత బ్రూస్ యార్డ్లీ 126 దగ్గర ఆగిపోయారు. ఆ దేశంలో స్పిన్ అంటే మణికట్టు స్పిన్నే. గ్రిమెట్, ఓరైలీ, బెనో, వార్న్, మెక్‌గిల్... పేరున్న వాళ్లందరూ లెగ్ స్పిన్నర్లు. వేళ్లతో తిప్పేవాడిని అక్కడ పేసర్లకు ఊపిరి తీసుకునే వ్యవధి ఇచ్చే మనిషిగానే చూసేవారు.

అందుకు గట్టి కారణం ఉంది. ఆస్ట్రేలియా పిచ్‌లు గట్టివి, బంతి పడ్డాక నేలను పట్టుకోదు, జారుతుంది. అక్కడ వాడే కుకబుర్రా బంతి కుట్టు 25, 30 ఓవర్లకే అణిగిపోతుంది. మన దగ్గర వాడే ఎస్‌జీ బంతికి చేతికుట్టు, చాలాసేపు నిలబడే ఉంటుంది. దుమ్ము లేచే పిచ్ మీద ఆ కుట్టు నేలను కరిచి మలుపు తిరుగుతుంది. మణికట్టుతో తిప్పేవాడు బంతి మీద వేసే మెలికలు ఎక్కువ కాబట్టి గట్టి నేల మీద కూడా ఎంతో కొంత తిప్పగలడు. వేలితో తిప్పేవాడికి ఆ సౌకర్యం లేదు. మలుపునే నమ్ముకుని వెళ్లిన ఆఫ్ స్పిన్నర్ అక్కడ చేతులు కాల్చుకుంటాడు.

లయన్ బతుకుదెరువు మలుపు కాదు, బౌన్స్, అంటే నేల తాకాక బంతి పైకి ఎగరడం. అతని కెరీర్‌లోని చిక్కుముళ్లు చాలావరకు ఈ ఒక్క దారం పట్టుకుంటే విడిపోతాయి.

బంతిని అడ్డంగా తిప్పవచ్చు, ముందుకు తిప్పవచ్చు. అడ్డంగా తిప్పితే నేల తాకాక పక్కకు మళ్లుతుంది. బండి చక్రం దొర్లినట్టు బ్యాటర్ వైపు ముందుకు తిరిగేలా వేస్తే గాలే దాన్ని కిందికి నొక్కుతుంది. అంటే బంతి బ్యాటర్ అనుకున్నచోట కంటే కొంచెం ముందే, అతనికి దూరంగానే, హఠాత్తుగా దిగిపోతుంది. నిటారుగా దిగింది గనక నిటారుగానే లేస్తుంది. నడుము ఎత్తులో ఆడాల్సిన బంతి ఛాతీ దగ్గరకు వస్తుంది. బ్యాట్ పైభాగానికో గ్లవ్‌కో తగిలి, బ్యాటర్ పక్కనే కాచుకున్న షార్ట్ లెగ్ ఫీల్డర్ చేతిలో పడుతుంది. ఆఫ్ స్పిన్నర్లందరూ ఈ రెండింటినీ ఎంతో కొంత కలిపే వేస్తారు. లయన్ పాళ్లలో ముందుకు తిరిగే వాటా ఎక్కువ. పక్కకు తిరిగి నిలబడి, చేతిని బాగా ఎత్తుకుని, ముందుకాలి మీద ఒళ్లంతా తిప్పుతూ బంతి పైనుంచి వేళ్లను కిందికి లాగుతాడు. కుట్టు ఫైన్ లెగ్ వైపు వాలి ఉంటుంది. మురళికీ స్వాన్‌కూ శత్రువైన గట్టి నేలే ఇలాంటి బంతికి చుట్టమవుతుంది. నేల ఎంత గట్టిగా ఉంటే బంతి అంత పైకి లేస్తుంది కదా!

ఇది లయన్ కనిపెట్టిన విద్యేమీ కాదు. అడిలైడ్‌లో స్థిరపడిన పాత తరం లెగ్ స్పిన్నర్ క్లారీ గ్రిమెట్ 1960ల్లో తన పెరటి పిచ్ మీద కుర్రవాడైన మాలెట్‌కు నేర్పిన పాఠం ఇదే. బంతి బ్యాటర్ కనుచూపు గీతకు పైనుంచి వచ్చి దిగాలి, అప్పుడే అతని అంచనా తప్పుతుంది. మాలెట్ ఆ పాఠాన్ని జీవితమంతా చెబుతూనే ఉన్నాడు. లయన్‌కు దగ్గరుండి మెరుగులు దిద్దింది మాత్రం కెనడా తరఫున ప్రపంచకప్‌లు ఆడిన జాన్ డేవిసన్.

ఇక అందరికీ తెలిసిన కథ. లయన్ 1987 నవంబర్ 20న న్యూ సౌత్ వేల్స్‌లోని యంగ్ అనే చిన్న ఊళ్లో పుట్టాడు. కాన్‌బెర్రాలోని మనుకా ఓవల్‌లో మైదాన సిబ్బందిలో చేరి పని నేర్చుకున్నాడు. 2010లో అడిలైడ్ ఓవల్‌కు మారాడు. పొద్దున రోలర్ నడిపి, గడ్డి కోసి, సాయంత్రం నెట్స్‌లో బంతులు వేసే ఆ కుర్రవాడిని సౌత్ ఆస్ట్రేలియా టీ20 జట్టు కోచ్ డారెన్ బెర్రీ గమనించి జట్టులోకి తీసుకున్నాడు. ఆ వేసవి దేశవాళీ టీ20 టైటిల్ సౌత్ ఆస్ట్రేలియాదే. కొన్ని నెలలు తిరగకుండానే టెస్టు పిలుపు వచ్చింది. పిచ్ తయారుచేసినవాడు కాబట్టి పిచ్‌ను చదవగలిగాడని ఈ కథకు ఒక నీతి అతికిస్తుంటారు. నాకు అంత నమ్మకం లేదు. రోలర్ నడిపితే ఆఫ్ బ్రేక్ వస్తుందంటే ఆస్ట్రేలియాకు స్పిన్నర్ల కరవే ఉండేది కాదు.

కరవు మాత్రం నిజంగానే ఉంది. 2007 జనవరిలో వార్న్ తప్పుకున్న నాటి నుంచి 2011 ఆగస్టు దాకా ఆ స్థానంలో ఎవరెవరిని దించారో చూస్తే జాలేస్తుంది. స్టువర్ట్ మెక్‌గిల్, బ్రాడ్ హాగ్, బో క్యాసన్, కామెరాన్ వైట్, జేసన్ క్రెజా, నాథన్ హారిట్జ్, బ్రైస్ మెక్‌గెయిన్, జేవియర్ డోహర్టీ, మైకేల్ బీర్. లెగ్ స్పిన్నర్‌గా జట్టులోకి వచ్చి ఎనిమిదో స్థానంలో బ్యాటింగ్ చేసిన స్టీవ్ స్మిత్ కూడా ఈ వరుసలోవాడే! 2008లో నాగ్‌పూర్‌లో తొలి టెస్టు ఆడిన క్రెజా 358 పరుగులిచ్చి 12 వికెట్లు తీశాడు, ఆ తర్వాత ఒక్క టెస్టుతో అతని కథ ముగిసింది. మెక్‌గెయిన్ 2009లో కేప్‌టౌన్‌లో 18 ఓవర్లలో 149 పరుగులిచ్చాడు, వికెట్ లేదు, మరో టెస్టూ లేదు. ఎంపికదారులు వెతికింది వార్న్ నకలు కోసం. దొరకని ప్రతిసారీ మనిషిని మార్చారు.

2011 ఆగస్టు 31న శ్రీలంకలోని గాలేలో మొదలైన టెస్టులో లయన్ బంతి అందుకునేసరికి అతను ఆడిన ఫస్ట్‌క్లాస్ మ్యాచ్‌లను వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. ఎదురుగా కుమార్ సంగక్కర. టెస్టుల్లో లయన్ వేసిన మొట్టమొదటి బంతి ఎడమచేతివాటం సంగక్కరను ముందుకు లాగి, దూరంగా తిరిగి, బ్యాట్ అంచును తాకి స్లిప్‌లో మైకేల్ క్లార్క్ చేతికి చిక్కింది. ఆ ఇన్నింగ్స్‌లో 34 పరుగులకు 5 వికెట్లు. ఇంత ఘనమైన ఆరంభం తర్వాత కూడా అతని స్థానం స్థిరపడలేదు.

మొదటి పెద్ద దెబ్బ భారత్‌లోనే తగిలింది. 2013 ఫిబ్రవరిలో చెన్నై టెస్టు. సచిన్‌ను 81 దగ్గర బౌల్డ్ చేశాడు, శతకం కొట్టిన కోహ్లీనీ అవుట్ చేశాడు. కానీ మహేంద్ర సింగ్ ధోని 224 పరుగుల విధ్వంసంలో నలిగిపోయి ఆ ఇన్నింగ్స్‌ను 215 పరుగులకు 3 వికెట్లతో ముగించాడు. తర్వాతి టెస్టు హైదరాబాద్ ఉప్పల్‌లో. తుది జట్టులో లయన్ లేడు. అతని బదులు డోహర్టీని, మొదటి టెస్టు ఆడుతున్న గ్లెన్ మ్యాక్స్‌వెల్‌ను దించారు. చెతేశ్వర్ పుజారా 204, మురళీ విజయ్ 167 కొట్టారు. ఆస్ట్రేలియా ఇన్నింగ్స్ 135 పరుగుల తేడాతో చిత్తయింది. ఉప్పల్‌లో ఆ ఆట చూసినవాళ్లు రవీంద్ర జడేజా, అశ్విన్ బంతులు ఎలా తిరిగాయో గుర్తుపెట్టుకుని ఉంటారు. అప్పుడు ఆస్ట్రేలియా శిబిరం పొరపాటు ఒక్కటే. భారత్‌లో భారత స్పిన్నర్లలాగే వేయాలనుకుంది. మొహాలీలో లయన్‌ను మళ్లీ తీసుకున్నారు, ఢిల్లీలో అతను 94 పరుగులకు 7 వికెట్లు తీశాడు. అయినా ఆ ఏడాది యాషెస్ మొదటి టెస్టులో 19 ఏళ్ల ఆష్టన్ అగర్‌ను ఆడించారు. అగర్ పదకొండో స్థానంలో 98 కొట్టి చరిత్రకెక్కాడు. రెండు టెస్టుల తర్వాత ఓల్డ్ ట్రాఫర్డ్‌లో లయన్ వెనక్కి వచ్చాడు, ఆ వచ్చినవాడు పదేళ్లు కదల్లేదు.

ఆ పదేళ్లలో లయన్‌కు కలిసొచ్చిన విషయం ఒకటి స్కోరు కార్డులో కనిపించదు. ఎడమచేతి పేసర్లు. మిచెల్ జాన్సన్, మిచెల్ స్టార్క్ ఓవర్ ద వికెట్ వేసి ముందుకు తూలినప్పుడు వాళ్ల బూట్లు పడేచోట నేల గుల్లబారుతుంది. అవతలి కొస నుంచి చూస్తే ఆ గుల్ల కుడిచేతి బ్యాటర్ ఆఫ్ స్టంప్‌కు సరిగ్గా బయట ఉంటుంది. ఆఫ్ స్పిన్నర్ బంతి లోపలికి తిరగాల్సిన చోటే అది. ముగ్గురు పేసర్లూ కుడిచేతివాళ్లయితే ఈ వరం దక్కదు.

2014 డిసెంబర్‌లో అడిలైడ్ టెస్టు దీనికి మంచి ఉదాహరణ. సహచరుడు ఫిలిప్ హ్యూస్ మరణించిన కొద్ది రోజులకే, మనసులు ఇంకా కుదుటపడకముందే జరిగిన మ్యాచ్. చివరి రోజు భారత్ లక్ష్యం 364. తొలిసారి టెస్టు కెప్టెన్సీ చేస్తున్న కోహ్లీ, మురళీ విజయ్ కలిసి ఆడుతుంటే 242కు 2 వికెట్లు. గెలుపు మన చేతిలో ఉందనుకున్నాం. లయన్ మాత్రం ఆ గుల్లలో బంతి వేస్తూనే ఉన్నాడు. 99 దగ్గర విజయ్‌ను ఎల్బీడబ్ల్యూ చేశాడు. రహానే షార్ట్ లెగ్‌లో దొరికాడు. 141 దగ్గర కోహ్లీ లాగి కొట్టిన బంతిని మిడ్‌వికెట్‌లో మిచెల్ మార్ష్ పట్టాడు. భారత్ 315కు ఆలౌట్, 48 పరుగుల ఓటమి. లయన్‌కు ఆ ఇన్నింగ్స్‌లో 7, మ్యాచ్‌లో 12.

వికెట్లు పడని రోజుల్లో అతను చేసిన పని ఇంకా ముఖ్యమైనదని నా అభిప్రాయం. రోజుకు 90 ఓవర్లు. ముగ్గురు పేసర్లు తలా 16, 17 వేస్తే 50 అవుతాయి. మిగతా 40ను ఎవరు వేస్తారు? ఆల్‌రౌండర్ పది వేసినా ఇంకో 30 ఉంటాయి. వాటిని ఓవర్‌కు మూడు పరుగుల లోపు ఇచ్చుకుంటూ ఒక కొసను పట్టి ఉంచేవాడు లేకపోతే కమిన్స్, హేజిల్‌వుడ్, స్టార్క్‌లు మూడో రోజుకే అలసిపోతారు. నలుగురు బౌలర్లతో ఆస్ట్రేలియా అన్నేళ్లు నెట్టుకురావడానికి ఆధారం లయన్ వేసిన ఆ ఓవర్లే. 2023 యాషెస్‌లో లార్డ్స్ టెస్టులో ఇది రుజువైంది. వరుసగా వందో టెస్టు ఆడుతూ, ప్రధాన బౌలర్లలో ఆ ఘనత సాధించిన మొదటివాడిగా నిలిచిన ఆ మ్యాచ్‌లోనే అతని పిక్క కండరం దెబ్బతింది. కుంటుతూ వచ్చి పదకొండో నంబర్‌లో బ్యాటింగ్ కూడా చేశాడు. ఆ టెస్టుతో ఆస్ట్రేలియా 2-0 ఆధిక్యంలో నిలిచింది. లయన్ లేని మిగతా మూడింటిలో రెండు ఓడింది, ఓల్డ్ ట్రాఫర్డ్‌లో వాన ఆదుకుంది. సిరీస్ 2-2.

మరి భారత్‌లో తర్వాత ఎలా నెగ్గుకొచ్చాడు? 2017 బెంగళూరు టెస్టు తొలిరోజు చూడండి. పగుళ్లున్న పిచ్, అసమానమైన బౌన్స్. లయన్ 50 పరుగులకు 8 వికెట్లు తీశాడు, భారత్ 189కే కుప్పకూలింది. అప్పటికి భారత్‌లో పర్యాటక బౌలర్ అత్యుత్తమ గణాంకాలు అవే. తిప్పే వేలి మీద కాయ చీలిపోయి బాధపెడుతున్నా వేశాడు. అంతకుముందు పుణెలో స్టీవ్ ఓకీఫ్ రెండు ఇన్నింగ్స్‌లోనూ 35 పరుగులకే ఆరేసి వికెట్లు తీశాడు, అయితే అతనిది జారే బంతి, తిరగకుండా నేరుగా వెళ్లి ముంచే రకం. లయన్‌ది అదే పాత ఎగిరే బంతి. మారింది వేగమూ వేసే కోణమూ. రౌండ్ ద వికెట్ వచ్చి స్టంప్‌లకు గురిపెట్టడం అలవాటు చేసుకున్నాడు. బెంగళూరు మ్యాచ్ మాత్రం భారత్‌దే, 75 పరుగులతో. అదే ఏడాది చట్టోగ్రామ్‌లో బంగ్లాదేశ్ మీద ఒకే టెస్టులో 13 వికెట్లు. 2023లో ఇందౌర్‌లో రెండో ఇన్నింగ్స్‌లో 64 పరుగులకు 8, మ్యాచ్‌లో 11. పుజారా ఒక్కడే నిలబడి 59 చేస్తే అతన్నీ లెగ్ స్లిప్‌లో స్మిత్ ఒంటిచేత్తో పట్టిన క్యాచ్‌తో సాగనంపాడు. ఆ టెస్టు ఆస్ట్రేలియా గెలిచింది.

అతని వైఫల్యాలూ ఈ దారానికి వేలాడేవే. సొంతగడ్డపై భారత్‌తో ఆడిన 2020-21 సిరీస్‌లో బ్యాటర్లు అతని బౌన్స్‌కు భయపడటం మానేశారు. సిడ్నీలో ఐదో రోజు రిషభ్ పంత్ 97 కొట్టి వెళ్లాక కూడా ఆస్ట్రేలియాకు గెలుపు దారులు తెరిచే ఉన్నాయి. కాకినాడలో పుట్టిన మన హనుమ విహారి తొడ కండరం పట్టేసి పరుగెత్తలేని స్థితిలో 161 బంతులాడి 23 పరుగులతో అజేయంగా నిలిచాడు. ముందుకు సాగి, బ్యాట్ కిందికి దించి, చేతులు మెత్తగా పెట్టి లయన్ బంతులను కాళ్ల దగ్గరే చంపేశాడు. షార్ట్ లెగ్‌కు ఏమీ రాలేదు. అటువైపు అశ్విన్. మ్యాచ్ డ్రా. బ్రిస్బేన్‌లో నాలుగో టెస్టు లయన్‌కు వందోది. అక్కడ 399 వికెట్ల దగ్గర ఆగిపోయాడు, భారత్ సిరీస్ గెలుచుకుంది. నాలుగు వందో వికెట్ కోసం పదకొండు నెలలు ఎదురుచూసి, అదే మైదానంలో ఇంగ్లండ్ ఆటగాడు డేవిడ్ మలాన్‌ను అవుట్ చేశాక గానీ గండం గడవలేదు.

2019 యాషెస్‌లోని హెడింగ్లీ టెస్టు గురించి మాట్లాడకుండా లయన్ వ్యాసం ముగిస్తే పాఠకులు ఊరుకోరు. ఇంగ్లండ్ గెలవడానికి రెండు పరుగులు కావాలి, ఒక్క వికెట్ మిగిలింది. చివరి బ్యాటర్ జాక్ లీచ్ సగం పిచ్ దాటి వచ్చేశాడు, బంతి లయన్ చేతిలోకి వస్తోంది. అందుకుని బెయిల్స్ కొడితే యాషెస్ ఆస్ట్రేలియా దగ్గరే ఉండిపోయేది. బంతి చేజారింది. మరుసటి బంతికి బెన్ స్టోక్స్ వికెట్ల ముందు దొరికిపోయినట్టే కనిపించాడు, అంపైర్ వేలెత్తలేదు, సమీక్షలు అప్పటికే వాడేసుకున్నారు. ఆ సిరీస్ మొదటి టెస్టులో చివరి ఇన్నింగ్స్‌లో 49 పరుగులకు 6 వికెట్లు తీసి జట్టును గెలిపించింది కూడా ఇతనే, అది ఎవరికీ గుర్తుండదు.

పరిమిత ఓవర్ల క్రికెట్ గురించి చెప్పేది తక్కువ. 29 వన్డేలు, 29 వికెట్లు, రెండు అంతర్జాతీయ టీ20లు. ఐపీఎల్‌లో ఒక్క మ్యాచ్ కూడా లేదు. బ్యాటర్‌ను ముందుకు లాగి తప్పు చేయించడానికి అరగంట తీసుకునే బౌలర్‌కు నాలుగు ఓవర్ల ఆటలో పని తక్కువ.

ఇటీవలి చిక్కు వేరు. ఆస్ట్రేలియా పిచ్‌ల మీద కొన్నేళ్లుగా గడ్డి ఎక్కువ వదులుతున్నారు. కుకబుర్రా బంతి కుట్టు కూడా మునుపటి కంటే ఎక్కువసేపు నిలుస్తోంది. బంతి సీమ్ అవుతున్నంతసేపు కెప్టెన్ స్పిన్నర్‌ను పిలవడు, చాలా మ్యాచ్‌లు ఐదో రోజు దాకా వెళ్లడం లేదు. గులాబీ బంతి టెస్టుల్లో ఇది మరీ ఎక్కువ. 2025 జులైలో కింగ్‌స్టన్ డే నైట్ టెస్టుకు, డిసెంబర్‌లో బ్రిస్బేన్ డే నైట్ టెస్టుకు లయన్‌ను పక్కన పెట్టారు. కింగ్‌స్టన్‌లో వెస్టిండీస్ 27 పరుగులకే ఆలౌటైంది కాబట్టి ఆ నిర్ణయాన్ని ఎవరూ తప్పుపట్టలేకపోయారు. బ్రిస్బేన్ తర్వాత అడిలైడ్‌లో మళ్లీ తీసుకుంటే, ఒకే ఓవర్లో ఓలీ పోప్‌ను, బెన్ డకెట్‌ను అవుట్ చేసి గ్లెన్ మెక్‌గ్రాత్ 563 వికెట్ల లెక్కను దాటేశాడు. ఆస్ట్రేలియా బౌలర్లలో ఇప్పుడు అతని పైన 708తో వార్న్ ఒక్కడే. అదే మ్యాచ్ చివరి రోజు తొడ కండరం గాయంతో మైదానం వీడాడు. తర్వాతి రెండు టెస్టుల్లో, మెల్‌బోర్న్‌లోనూ, ఒకప్పుడు స్పిన్‌కు పెట్టింది పేరైన సిడ్నీలోనూ ఆస్ట్రేలియా ప్రత్యేక స్పిన్నర్ లేకుండానే ఆడింది. టాడ్ మర్ఫీ జట్టుతో ఉన్నా అవకాశం దక్కలేదు. తొలి టెస్టులోనే నాగ్‌పూర్‌లో 7 వికెట్లు తీసిన కుర్రవాడతను.

2027 ఆరంభంలో ఐదు టెస్టుల కోసం ఆస్ట్రేలియా భారత్‌కు రావాల్సి ఉంది. వాళ్లు ఇక్కడ చివరిసారి సిరీస్ గెలిచింది 2004లో. లయన్ మూడు టెస్టు సిరీస్‌లకు వచ్చాడు, మూడూ ఓడి వెళ్లాడు. అప్పటికి అతని వయసు 39. ఇక్కడ నలుగురు పేసర్లతో దిగే సాహసం ఏ ఎంపికదారూ చేయడు. లయన్, మర్ఫీ, ఎడమచేతివాటం మాథ్యూ కునేమన్‌లలో ఇద్దరికైనా చోటు ఉంటుంది. ఆ ఇద్దరూ ఎవరన్నది ఈలోగా ఆ తొడ కండరం కోలుకునే తీరు మీద ఆధారపడి ఉంది.